బీరువాలోని బిరుదు



ఈ మధ్య ఒకనాటి మధ్యాహ్నం మా పక్కింటి కోడలు పేపరు పట్టుకుని వచ్చింది. "పిన్నిగారూ, చదరంగం ఆడే ఈ అమ్మాయిల్లో ఒకరి పేరు ముందు గ్రాండ్ మాస్టర్ అని వేశారు. ఇంకొకరికి ఉమన్ గ్రాండ్ మాస్టర్ అని వేశారు. ఇద్దరూ ఆడవాళ్ళే కదా, ఈ తేడా ఏమిటండీ?" అని అడిగింది. నిజం చెప్పొద్దూ, నాకూ తెలియదు. తర్వాత తెలుసుకున్న సంగతులే ఇవాళ మీతో చెప్పుకుంటాను.

చదరంగానికి ప్రపంచ సమాఖ్య ఒకటి ఉంది. పొట్టిగా ఫిడే అంటారు. 1924లో పారిస్‌లో పుట్టింది. 1950లో అది మొదటిసారిగా 27 మందికి గ్రాండ్ మాస్టర్ బిరుదు ఇచ్చింది. ఆ జాబితాలో ఒక్క స్త్రీ పేరయినా లేదు.

ఈ బిరుదు ఎవరో సభ చేసి, శాలువా కప్పి ఇచ్చేది కాదు. ఆడేవాళ్ళకి రేటింగ్ అని ఒక లెక్క ఉంటుంది. మనకన్నా గట్టివాళ్ళని గెలిస్తే ఎక్కువ పాయింట్లు కలుస్తాయి. తక్కువవాళ్ళ చేతిలో ఓడితే ఎక్కువే పోతాయి. ఆ రేటింగ్ ఒక్కసారైనా 2500 చేరాలి. అదికాక, పెద్ద పోటీల్లో 2600 స్థాయి ఆట మామూలుగా మూడుసార్లు ఆడి చూపించాలి. దాన్ని నార్మ్ అంటారు. ఒక్కరోజు అదృష్టం కలిసొచ్చి గెలిస్తే చాలదన్నమాట.

ఇక ఉమన్ గ్రాండ్ మాస్టర్ సంగతి. ఇది 1976లో వచ్చింది. దీనికి 2300 చాలు. గ్రాండ్ మాస్టర్‌కి కింది మెట్టయిన ఇంటర్నేషనల్ మాస్టర్‌కే 2400 కావాలి. అంటే పేరులో గ్రాండ్ మాస్టర్ ఉన్నా, కొలత దానికన్నా కిందనే ఉంది. అలాగని అసలు గ్రాండ్ మాస్టర్ బిరుదు మగవాళ్ళ సొత్తు అనుకోకండి. అది అందరిదీను. ఆ కొలత అందుకున్న ఎవరికైనా వస్తుంది. 1978లో జార్జియాకి చెందిన నోనా గాప్రిందష్విలి ఆ బిరుదు పొందిన మొదటి స్త్రీ అయింది. హంగరీ అమ్మాయి జూడిట్ పోల్గార్ 1991లో, పదిహేనేళ్ళ నాలుగు నెలలకే సాధించింది. అప్పటికి మగపిల్లల్లో కూడా అంత చిన్నతనంలో సాధించినవారు లేరు. ఆవిడ స్త్రీల ప్రపంచ ఛాంపియన్‌షిప్ జోలికే పోలేదు.

ఇక మన ఆడపడుచుల మాట. గుడివాడలో పుట్టిన కోనేరు హంపికి తండ్రి అశోక్‌గారే గురువు. 2002లో, పదిహేనేళ్ళ ఒక నెల వయసులో ఆ అమ్మాయి గ్రాండ్ మాస్టర్ అయి, స్త్రీలలో జూడిట్ పేర ఉన్న రికార్డును దాటేసింది. భారతదేశంలో ఆ బిరుదు పొందిన మొదటి మహిళ ఆమే. రెండో ఆవిడ ఎవరనుకున్నారు? గుంటూరు అమ్మాయి ద్రోణవల్లి హారిక, 2011లో. మొదటి ఇద్దరూ తెలుగువాళ్ళే కావడం మనకెంత గర్వకారణం!

అయితే బిరుదు వచ్చాక కూడా ఆడదానికి ఇల్లుంటుంది, పిల్లలుంటారు. హంపికి 2014లో పెళ్ళయింది, 2017లో పాప పుట్టింది. దాదాపు రెండేళ్ళు ఆటకి దూరంగా ఉంది. ఇక అయిపోయిందిలే అనుకునే కాలమది. కాని 2019 డిసెంబరులో మాస్కోలో ర్యాపిడ్ ఆటలో ప్రపంచ విజేత అయింది. ర్యాపిడ్ అంటే తక్కువ వ్యవధిలో ముగించే ఆట. 2024 డిసెంబరులో, ముప్ఫై ఏడేళ్ళ వయసులో, న్యూయార్క్‌లో మళ్ళీ అదే కిరీటం గెలిచింది. హారిక 2022లో చెన్నై ఒలింపియాడ్‌లో నిండు గర్భిణిగా బల్ల ముందు కూర్చుంది. ఆ జట్టుకి కాంస్యం వచ్చింది. 2024లో బుడాపెస్ట్‌లో బంగారం గెలిచిన జట్టులోనూ ఆమె ఉంది.

2025లో బటూమిలో జరిగిన ప్రపంచకప్ ఫైనల్లో హంపి, పందొమ్మిదేళ్ళ దివ్య దేశ్‌ముఖ్ చేతిలో ఓడింది. ఆ గెలుపుతోనే దివ్యకి నేరుగా గ్రాండ్ మాస్టర్ బిరుదు వచ్చింది. ఓడినా హంపి బిరుదుకి వచ్చిన లోటేమీ లేదు.

నాకు బాగా నచ్చిన సంగతి ఇదే. రేటింగ్ పెరుగుతుంది, తరుగుతుంది. బిరుదు మాత్రం జీవితాంతం ఉంటుంది. బిడ్డని ఎత్తుకుని రెండేళ్ళు ఇంట్లో ఉన్నా, ఎవరూ వెనక్కి తీసుకోరు.

మరి ఆడవాళ్ళకి వేరే బిరుదు అవసరమా అంటే, నా మట్టుకు నాకు అది మెట్టుగా ఉంటే మంచిదే. పిల్లలకి ఉత్సాహం వస్తుంది. ఆ మెట్టు మీదే కూర్చోబెట్టి, "ఆడపిల్లవి, నీకిది చాల్లే" అంటేనే తప్పు. మీ అమ్మాయి ఆటలో కప్పు తెస్తే మెచ్చుకోండి. దాంతోపాటు, "తర్వాతి మెట్టు ఏమిటమ్మా?" అని కూడా అడగండి.

ఇదంతా చెప్తే మా పక్కింటి కోడలు కాసేపు ఊరుకుని, "నా వీణ డిప్లొమా బీరువాలో చీరల కిందే ఉందండీ పిన్నిగారూ" అంది. "కాగితం ఎక్కడికీ పోదులేవే, చెయ్యి ఎలా ఉందో చూసుకో" అన్నాను. వారం తిరక్కుండానే మధ్యాహ్నంపూట గోడ అవతల నుంచి సరళీ స్వరాలు వినబడ్డాయి. ఇంకా తడబడుతూనే ఉంది. అయినా వినడానికి నాకు బాగానే ఉంది.