రికార్డుకెక్కిన వంట



ఇటలీలో ఉంటున్న మా అమ్మాయి నిరుడు నన్ను బొలోన్యా నగరానికి తీసుకువెళ్లింది. అక్కడ గైడు వెంట కాలినడకన క్వాద్రిలాతెరో బజారు సందుల్లో తిరుగుతూ, కొట్టు కొట్టుకీ ఆగి రుచి చూశాం. గోధుమపిండి, కోడిగుడ్లు కలిపి చేసే పొడవాటి పట్టీలు 'తాల్యతెల్లె' తిన్నాం. ఉడికాక పట్టీ వెడల్పు 8 మిల్లీమీటర్లు ఉండాలని 1972లోనే ఆ నగర వాణిజ్య మండలిలో దాఖలు చేశారని గైడు చెప్పింది.

వంటకు ఫైలా అని మొదట నవ్వాను. తర్వాత నవ్వు రాలేదు. ముప్పై మూడేళ్లు ఊరందరి కాగితాలూ భద్రపరచిన గుమాస్తాను, మా ఆవిడ పెట్టే మాగాయ పాళ్లు ఒక్క చీటీ మీదా రాసుకోలేదు. ఆమె పోయి ఆరేళ్లయింది.

మిత్రులారా, అడగడానికి మనిషి ఉండగానే అడిగి రాసుకోండి. సెలవు.