కోర్టు ఉత్తర్వు – పోలీసు రక్షణ
(సంఘం వార్షిక సభలో చేసిన ప్రసంగ పాఠం)



జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి ప్రాంతాల నుండి మన సంఘం గడప తొక్కేవారిలో జాగా తగాదాలతో వచ్చేవారు కూడా ఉన్నారు. భర్త పోయిన ఆడమనిషి ఇంటి జాగాలో దాయాదులు కడీలు పాతుతారు. స్టేషనుకు పోతే "ఇది సివిల్ తగాదా, కోర్టుకు పోండి" అంటారు. తీరా కోర్టు ఉత్తర్వు తెచ్చుకున్నా, రాత్రికి రాత్రి కడీలు మళ్లీ లేస్తాయి. కాగితం చేతిలోనే ఉంది, జాగా మాత్రం చేజారుతున్నది. అప్పుడేం చేయాలి? ఈ సంగతి మీద నాలుగు మాటలు మనవి చేస్తున్నాము.

జాగా ఎవరిదో తేల్చే అధికారం పోలీసులకు లేదు. ఆ వరకు వారు చెప్పేది సరియైనదే. కాని కొట్టినా, బెదిరించినా, ఇంట్లో జొరబడినా అది నేరం. దానికి ఫిర్యాదు రాసి ఇచ్చి, రసీదు అడిగి తీసుకోవాలి.

ఇక సివిల్ దారి. ముందు దావా వేయాలి. దానితోపాటే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డరు 39 కింద తాత్కాలిక ఇంజంక్షను అడగాలి. దావా నాటికి జాగా మన కబ్జాలో ఉన్నదని చూపించాలి. అందుకు పహాణీ, పాసు పుస్తకం, ఇంటి పన్ను రసీదులు, కరెంటు బిల్లులు పనికి వస్తాయి. ఇవి పెట్టెలో అడుగున పడేసుకునే కాగితాలు కావు! ఎదుటివారిని వినకుండానే ఉత్తర్వు వస్తే, ఆ ప్రతులను వెంటనే వారికి రిజిస్టర్డు పోస్టులో పంపాలి. ఇది చేయకనే చాలా కేసులు చెడిపోతాయి.

ఉత్తర్వును ఎదుటివారు లెక్కచేయకపోతే రెండు దరఖాస్తులున్నాయి. ఒకటి ఆర్డరు 39 రూలు 2-ఏ కింద. ధిక్కరించినవారి ఆస్తి జప్తు చేయవచ్చు, మూడు నెలల దాకా సివిల్ జైలులో పెట్టవచ్చు. రెండవది సెక్షన్ 151 కింద పోలీసు సహాయం కోసం. ఇంజంక్షను అమలుకు పోలీసు సహాయం ఇప్పించే అధికారం సివిల్ కోర్టుకు ఉన్నదని ఆంధ్రప్రదేశ్ హైకోర్టు చెప్పిన తీర్పు 1971లోనే రిపోర్టులకెక్కింది. దరఖాస్తులో ఏ తేదీన, ఎవరు, ఏం చేశారో స్పష్టంగా రాయాలి. "ఇబ్బంది పెడుతున్నారు" అంటే చాలదు.

కొందరు నేరుగా హైకోర్టుకు పోదామంటారు. హక్కు తేలని తగాదాలో, రిట్ వేసి పోలీసు రక్షణ పేరుతో హక్కు తేల్చుకోజూడటం తగదని 2006లో కేరళ నుండి వచ్చిన ఒక కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అందువల్ల ముందు కింది కోర్టే. మస్జిదు, ఖబరస్తాను వంటి వక్ఫ్ ఆస్తుల తగాదాలకు మాత్రం వక్ఫ్ ట్రిబ్యునల్ వేరే ఉన్నది.

ఒకప్పుడు జిల్లా కోర్టు పనంటే వరంగల్ బస్సెక్కవలసిందే. 2016 అక్టోబరు 11న మన మూడు ఊళ్లు జిల్లా కేంద్రాలైనవి. 2022 జూన్ 2న జిల్లా కోర్టులూ వచ్చినవి. ఖర్చుకు భయపడి ఊరుకునే ఆడవారికి ఒక మాట: 1987 చట్టం ప్రకారం ఆదాయంతో నిమిత్తం లేకుండా స్త్రీలు ఉచిత న్యాయ సహాయానికి అర్హులు. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అడగండి. 15100కు ఫోను చేసినా సరే.

పోలీసు రక్షణ దొరికినంత మాత్రాన జాగా మనదైపోయినట్టు కాదు. అది దావా తేలేదాకా ఉన్నది ఉన్నట్టు కాపాడే ఏర్పాటు మాత్రమే. అందుకే మన యువకులకు మా విన్నపం. పదిమందిని వెంటేసుకుని జాగా మీదికి పోకండి. అలా పోతే బాధితుడే ముద్దాయి అవుతాడు. ఆ పదిమందిలో ఇద్దరు కాగితాలు సర్దిపెట్టి, ఆ తల్లి వెంట కోర్టుకు పోతే అదే అసలైన సాయం.

ఇంకొక మాట మన ఇండ్లకే. దాయాదులు అంటే పరాయివారు కారు, చాలాసార్లు మనమే. చెల్లెలి వాటా, అన్న భార్య వాటా దాచుకున్నవాడికి కోర్టులో గెలుపు దొరికినా, ఆఖిరతులో జవాబు తప్పదు. జానెడు నేలకైనా లెక్క ఉన్నది. సాధ్యమైన చోట పెద్దల ముందు, లోక్ అదాలతులో రాజీ పడండి. కాని రాజీ పేరుతో బలహీనుల నోరు నొక్కవద్దు.

న్యాయం కోరేవారికి ధైర్యాన్ని, బలం ఉన్నవారికి భయభక్తులను అల్లాహ్ ప్రసాదించుగాక. ఆమీన్.