చిత్రశాలను చదువుట



గ్రంథాలయ రజతోత్సవ సభలో చిత్రశాలను గూర్చిన ప్రసంగము అప్రస్తుతమని కొందరికి తోచవచ్చును. పుస్తకము లెక్కడ, పటము లెక్కడ? కాని చిత్రము కూడ చదువదగినదే. అక్షరములు రానివాని ముందు భాగవతమును తెరచి యుంచినను వానికి నల్లని గీతలే కనబడును. అట్లే చూచుట నేర్వనివాని ముందు లియొనార్డో చిత్రమును నిలిపినను వానికి కనబడునది ఒక స్త్రీ, ఒక దేవదూత, వెనుక కొన్ని చెట్లు. అంతే. అక్షరము చెప్పువా డొకడు కావలెను. దానిని నలుగురితో కలసి వినవలెను. చిత్రశాలలో ఈ పని చేయునదే, పదిమందికి మించని బృందము ఒక మార్గదర్శకుని వెంట జరుపు దర్శనము. ఈ ప్రసంగమునకు విషయ మదియే.

మడికొండకు ఈ సంగతి చెప్పుట కష్టము కాదు. ఇది కాళోజీ నారాయణరావు పెరిగిన ఊరు; పోతన చరిత్రమును కావ్యముగా రచించిన వానమామలై వరదాచార్యులు పుట్టిన ఊరు. పురాణ కాలక్షేప మెట్టిదో ఎరిగిన తరములు ఇచ్చట పెరిగినవి. పౌరాణికుడు ఒక సాయంకాలమున భాగవతమంతయు చెప్పడు. గజేంద్రమోక్షములో నాలుగు పద్యములు తీసికొనును, ఒక్కొక్క మాట వద్ద ఆగును, అన్వయము చెప్పును, శ్రోత సందేహ మడిగినచో తీర్చును. విన్నవారు ఆ నాలుగింటిని జీవితాంతము మరువరు. మంచి మార్గదర్శకుడు చిత్రశాలలో చేయునదియు సరిగా ఇదియే.

మొదట తలుపుల సంగతి చెప్పవలెను. కళాఖండములు ప్రజలవి అగుట ప్రాచీనమైన విషయము కాదు. ఇటలీ దేశమున ఫ్లారెన్స్ నగరములో ఉఫీజీ అను చిత్రశాల గలదు. ఐరోపా సాంస్కృతిక పునరుజ్జీవన కాలపు చిత్రములకు అది పుట్టినిల్లు వంటిది. మెదీచి వంశపు ప్రభువగు కొసిమో తన రాజ్య కార్యాలయముల కొరకు 1560లో వాసారి అను వాస్తుశిల్పిచే కట్టింప నారంభించిన భవన మది. ఉఫీజీ అను మాటకు అర్థము కచేరీలు అనియే. క్రమముగా పై అంతస్తున ప్రభువుల చిత్రములు, శిల్పములు చేరినవి. ఆ వంశమున కడపటిదైన ఆనా మరియా లుయీసా 1737లో ఒక ఒడంబడిక వ్రాయించి, ఆ సంపదలో ఏదియు ఫ్లారెన్స్ దాటి పోరాదనియు, అది ప్రజలకు ఉపయోగపడవలె ననియు కట్టుదిట్టము చేసెను. 1769లో ప్రజలకు ప్రవేశము లభించెను.

హైదరాబాదునందును ఇట్టిదే జరిగినది. మూడవ సాలార్‌జంగు మీర్ యూసుఫ్ అలీఖాన్ తన ఆదాయములో అధికభాగమును దేశదేశముల వస్తువుల కొరకు వెచ్చించి, అవివాహితుడుగనే 1949లో మరణించెను. 1951 డిసెంబరు 16న ఆయన నివాసమగు దివాన్ దేవిడీలోనే జవాహర్‌లాల్ నెహ్రూ ఆ ప్రదర్శనశాలను ప్రారంభించెను. 1961లో పార్లమెంటు దానిని జాతీయ ప్రాముఖ్యముగల సంస్థగా శాసించెను. 1968లో అది మూసీ తీరమునగల నేటి భవనమునకు మారినది.

తలుపులు తెరచుకొన్నవి, కాని అంతటితో కన్నులు తెరచుకొనవు. కాజీపేటలో రైలెక్కి హైదరాబాదు చూడబోయినవారు చార్మినారు, జంతుప్రదర్శనశాల, సాలార్‌జంగు మూడింటిని ఒక్కరోజున ముగింపవలె ననుకొందురు. ఒక గది తరువాత ఒక గది గడచిపోవును. కత్తులు, పింగాణి, గడియారములు, దంతపు కుర్చీలు అన్నియు కన్నుల ముందు పరుగెత్తును. ఇంటికి వచ్చిన పిమ్మట ఏమి చూచితిరని అడిగినచో, గంట కొట్టు గడియారము, ముసుగు వేసికొన్న స్త్రీ అని రెండు మాటలు వచ్చును. ఇది పల్లెవారి లోపము కాదు. ఫ్లారెన్స్‌కు పోవు ధనిక యాత్రికులలో పెక్కుమంది అనుభవమును ఇంతకంటె మేలుగా ఉండదు. గ్రంథాలయములో ప్రతి పుస్తకపు అట్టను తాకి వచ్చినవానిని చదువరి యని ఎవరందురు?

ఇక చిన్న బృందము నడచు తీరు చూడుడు. ఎనమండుగురో పదుగురో ఉందురు. ఉఫీజీలో మార్గదర్శకులు తరచుగా చెవిలో పెట్టుకొను చిన్న యంత్రములు ఇత్తురు. గొంతెత్తకుండనే మాట చెవి చేరును. వారు ముందుగా నిలుచు గదులలో ఒకదానియందు మూడు పెద్ద చిత్రము లున్నవి. మూడింటిలోను బాలయేసును ఒడిలో నుంచుకొని సింహాసనముపై నున్న మేరీమాతయే. ఒకటి చిమాబువే వ్రాసినది, ఒకటి దూచ్చో వ్రాసినది. ఇవి పదుమూడవ శతాబ్ది చివరివి. మూడవది 1310 ప్రాంతమున జొట్టో వ్రాసినది. తెలిసిన మార్గదర్శకుడు ఇచ్చట వెంటనే ఉపన్యాస మారంభింపడు. కొంతసేపు ఊరకుండి, ఒక్క ప్రశ్న అడుగును: ఈ మువ్వురు తల్లులలో నిజముగా కూర్చున్న దెవరు?

అప్పుడు బృందము చూడ నారంభించును. మొదటి రెండింటిలో వస్త్రపు మడతలు సొగసైన గీతలు. దేవదూతలు సింహాసనమున కిరుప్రక్కల ఒకరిపై నొకరు తేలుచున్నట్లుందురు. జొట్టో చిత్రములో వస్త్రము క్రింద మోకాళ్ళున్నవి, వక్షస్థలమున్నది, దేహపు బరువున్నది. దేవదూతలు ఒకరి వెనుక ఒకరు నిలిచినారు. ముందువాని తల వెనుకవానిని కొంత మరుగుపరచుచున్నది. బంగారు పూత మూడింటిలోను గలదు, కాని మూడవదానిలో మనుష్యుడు నిలుచుటకు చోటు ఏర్పడినది. తరువాతి రెండువందల యేండ్ల ఇటలీ చిత్రకళకు ఇచ్చట బీజము పడినది. ఈ మాటను మార్గదర్శకుడే మొదట చెప్పియున్నచో అది ఒక సమాచారము మాత్రమే. బృందము తానే కనుగొన్న పిదప చెప్పినచో అది జ్ఞానము.

ఓరుగల్లు సీమవారికి ఇచ్చట ఒక విశేషము తోచకపోదు. జొట్టో ఆ చిత్రము వ్రాయునాటికి ఓరుగల్లున ప్రతాపరుద్రుడు రాజ్యము చేయుచుండెను. దానికి ఇంచుమించు నూరేండ్లకు ముందే, 1213లో, పాలంపేటయందు రేచర్ల రుద్రుడు రామప్పగుడిని కట్టించెను. ఆ గుడి చూరు క్రింది మదనికలను చూచినవానికి, దేహపు బరువు, నడుము వంపు, పాదపు ఊత రాతిలో ఎట్లు పలుకునో తెలియును. ఈ పోలిక ఎవరు గొప్ప, ఎవరు తక్కువ అని తేల్చుటకు కాదు. చూడబోవువాడు వట్టిచేతులతో పోనక్కరలేదని తెలియుటకు.

లియొనార్డో యౌవనమున, 1472 ప్రాంతమున, వ్రాసిన దేవదూత ఆగమన చిత్రము వద్ద చిన్న బృందపు ప్రయోజనము మరింత స్పష్టమగును. అది రెండు మీటర్లకు మించిన వెడల్పు, మీటరుకు కొంచెము తక్కువ ఎత్తు గల పలక. ఎడమ వైపున దేవదూత మోకరిల్లి యున్నాడు. కుడి వైపున మేరీ పుస్తకము చదువుచు కూర్చున్నది. ఆమె కుడిచేయి ఇంకను పుస్తకపు పుటపైననే యున్నది. ఎదురుగా నిలిచి చూచినచో ఆ చేయి మిక్కిలి పొడవుగా కనబడును. ఇది యువచిత్రకారుని పొరపాటని కొందరు పండితులనిరి. కుడి వైపు నుండి చూచుటకై వ్రాయబడినదని మరికొందరనిరి. మార్గదర్శకుడు ఈ వాదమును చెప్పి ఊరకుండడు. బృందమును కుడి వైపునకు నడిపించును. అచ్చట నిలిచినచో చేయి కుదించుకొని తన కొలతకు వచ్చును. పదుగురు జరుగగలరు, నూర్గురు జరుగలేరు. పెద్ద గుంపు చిత్రకారుని తప్పు పట్టి పోవును. చిన్న గుంపు తాను నిలిచిన చోటును మార్చుకొనును. ఈ ఒక్క పాఠమునకే అంతదూరపు ప్రయాణము సార్థకము.

బొత్తిచెల్లి వ్రాసిన వీనస్ జననము వద్ద మరియొక ముడి పడును. పోతన భాగవతము తెనిగించినట్లు చెప్పబడు పదునైదవ శతాబ్దిలోనే పుట్టిన చిత్ర మది. ఆల్చిప్పపై నిలిచిన ఆ దేవత నిలుకడను చూచినచో, అట్లు ఒరగిన దేహము పడిపోకుండ నిలువజాలదు. జొట్టో వద్ద బరువును మెచ్చుకొన్న బృందము ఇచ్చట ఏమనవలెను? ఈ చిత్రకారునికి బరువు తెలియదా? తెలియును, కాని ఆయన బరువును విడిచి రేఖను కోరుకొన్నాడు. గాలికి కదలు కురులు, అలలు, వస్త్రపు అంచు ఒక్క రాగముగా సాగవలె నని తలచినాడు. ఒక చిత్రమునుండి నేర్చిన నియమముతో మరియొక చిత్రమును దండింపరాదని చూపరి గ్రహించును. ఛందస్సు నేర్చినవాడు అంతటితో కవిత్వమునకు న్యాయాధిపతి కాడు గదా.

మార్గదర్శకులందరు ఇట్టివారని చెప్పుటకు వీలులేదు. చిత్రపు వెలను, ప్రభువుల రహస్య కథలను మాత్రమే చెప్పి నవ్వించువారు కొందరు. తెలిసినదంతయు ఒక్కగుక్కలో చెప్పి అలసట కలిగించువారు కొందరు. అందుచేతనే ఒంటరిగా చూచుటయే మేలనియు, చిత్రమునకు చూపరికి నడుమ మూడవవాని మాట అడ్డమనియు వాదించువారున్నారు. ఆ వాదములో సత్యమున్నది. కాని నడక నేర్చు బిడ్డకు వ్రేలందించుట అవసరము. నేర్చిన పిదప వ్రేలు విడుచుటయు అంతే అవసరము. ఉత్తమ మార్గదర్శకుడు చివరి అరగంట బృందమును విడిచిపెట్టును. ప్రతివాడు తనకు నచ్చిన ఒక చిత్రమును ఎన్నుకొని, దానియెదుట మౌనముగా నిలువవలెను.

ఫ్లారెన్స్ వరకు పోగలిగినవారు కొలదిమందియే. కాని ఇటలీ శిల్పి చేతిపని హైదరాబాదులోనే యున్నది. ముసుగు రెబెక్కా అను పాలరాతి విగ్రహమును జోవన్ని మరియా బెన్జోని చెక్కెను. మొదటి సాలార్‌జంగు దానిని 1876లో రోమునగరమున కొనెను. అది పునరుజ్జీవన కాలమునకు మిక్కిలి తరువాతిదే యైనను, రాతిచే వస్త్రమును పలికించు నేర్పు ఆ దేశపు శిల్పులు తరతరములుగా సాధించినదే. పెక్కుమంది ఆ పలుచని ముసుగును చూచి ఆశ్చర్యపడి కదలిపోవుదురు. బృందముతో వచ్చినవాడు నిలిచి అడుగును: అంతయు ఒక్క రాయియే కదా, ముఖ మెచ్చట ముగిసినది, ముసుగు ఎచ్చట మొదలైనది? వెలుగు పడు తీరును కనిపెట్టి చూచును. బైబిలులోని రెబెక్కా తన వరుడగు ఇస్సాకును దూరమున చూచి ముసుగు వేసికొన్నదను కథ తెలిసినచో, ఆ ముసుగు శిల్పి చమత్కారమే కాక ఒక వధువు సిగ్గు అని తెలియును.

ఈ పనికి గ్రంథాలయమే మొదటి మెట్టు. ఒక్కడు వార్తాపత్రిక చదువగా పదుగురు వినుట పల్లె గ్రంథాలయములలో పెరిగిన అలవాటు. ఆ అలవాటుననే కొంత మార్చి, నెలకొకసారి పదుగురు కూడి ఒక చిత్రపు అచ్చును బల్లపై నుంచుకొని గంటసేపు చూడవచ్చును. పిదప సమీపముననే హనుమకొండలో 1163 నాటి రుద్రదేవుని వేయిస్తంభముల గుడియున్నది. అచ్చట వేయి స్తంభములను చూడబోక ఒక్క స్తంభమును చూడవలెను. నున్నని ఆ నల్లరాతిలో చూపరి తన ముఖము చూచుకొనుటకు ముందు శిల్పి ఉలిని చూడగలిగినచో పాఠము వచ్చినట్లే. ఆ తరువాత సాలార్‌జంగు ప్రదర్శనశాలకు పోవలెను. ముందురోజున చదువవలసినది చదివి, అయిదు వస్తువులనే చూచి, తిరిగివచ్చి ఒక్కొక్కరు ఒక్కొక్కదానిని గూర్చి ఊరివారికి చెప్పవలెను. చెప్పగలిగినదే చూచినది.

ఆనా మరియా లుయీసా వ్రాయించిన ఒడంబడిక, 1961 నాటి పార్లమెంటు శాసనము, ఈ రెండును కళాసంపదను ప్రజల సొత్తుగా చేసినవి. కాని సొత్తు కాగితముపై నుండగనే అనుభవము రాదు. పట్టా చేతనున్నను దున్నని పొలము పండదు. ఇరువదియైదేండ్లు అక్షరమును పంచిపెట్టిన ఈ గ్రంథాలయము, రాబోవు ఇరువదియైదేండ్లలో చూపును కూడ పంచిపెట్టుగాక.