ఒక్క అక్షరం కూడా అమానతే
(వార్షిక సభలో చేసిన ప్రసంగం)



మన పిల్లలు ఎందరో హైదరాబాదులో కూర్చొని అమెరికా ఆసుపత్రుల కాగితాలకు కోడ్లు వేస్తున్నారు. అక్కడ 2015 అక్టోబరు 1 నుంచి ఐసీడీ-10-సీఎం పద్ధతి నడుస్తోంది. రోడ్డు లేని నేల కోసమే చేసిన ట్రక్కులో పోతూ, రహదారి కాని చోట దెబ్బతిన్న ప్రయాణికుడికి వి86.69ఎక్స్ అని వేసి, చివర ఒక అక్షరం చేర్చాలి. అసలు చికిత్స సాగుతుంటే ‘ఎ’; అది ముగిసి, గాయం మానే దశలో చూపించుకోవడానికి వస్తే ‘డి’; తర్వాత మిగిలిపోయిన బాధకు ‘ఎస్’.

రెండోసారి వచ్చాడు గదా అని ‘డి’ వేసేయకండి బాబూ! చికిత్స ఏ దశలో ఉందో చూడండి. దెబ్బ కోడ్ ముందు, ఈ కోడ్ వెనుక.

అక్షరం తప్పితే బిల్లు తిరిగి రావచ్చు, ఆ భారం రోగి మీదే పడవచ్చు. ముఖమెరుగని మనిషి కాగితమైనా మన చేతిలో అమానతే. ఖుదా హాఫిజ్.