పరువే పూచీకత్తు



పెట్టుబడిదారీ విధానానికీ సంస్కృతికీ ఉన్న సంబంధం గురించి మాట్లాడమన్నారు. ఏ జాతి సంస్కృతి వ్యాపారానికి కలిసొస్తుంది, ఏది అడ్డొస్తుంది అన్న తూకం జోలికి నేను పోను. ఆ తూకం ఎప్పుడూ ఫలితం తెలిశాకే వేస్తారు. చైనాలో ఆధునిక పెట్టుబడి పుట్టకపోవడానికి కన్ఫ్యూషియస్ మతం ఒక ముఖ్య కారణమని గత శతాబ్దం మొదట్లో జర్మన్ పండితుడు మాక్స్ వేబర్ రాశాడు. కొరియా, తైవాన్, సింగపూర్ పైకొచ్చాక 1980లలో అదే కన్ఫ్యూషియస్‌ను వాళ్ళ పొదుపుకీ క్రమశిక్షణకీ మూలపురుషుణ్ణి చేశారు. ఈ మధ్యలో ఆయన కొత్తగా ఏమీ బోధించలేదు కదా!

అందుకని నాకు చేతనైన చిన్న ప్రశ్న అడుగుతాను. ఒక మనిషికి మరో మనిషి అప్పు ఇచ్చేది దేన్ని చూసి?

దీనికి మంచి ఆధారం వేబర్ దగ్గరే దొరుకుతుంది. అందరూ ఉదహరించే పుస్తకాన్ని పక్కనబెట్టి, ప్రొటెస్టెంట్ శాఖల మీద ఆయన రాసిన చిన్న వ్యాసం చూడండి. 1904లో అమెరికా వెళ్ళినప్పుడు నార్త్ కరోలైనాలో బంధువుల ఊరికి దగ్గర్లో బాప్టిస్టుల బాప్తిస్మం చూశాడు. చలిలో చెరువునీళ్ళలో మునిగినవాళ్ళలో ఒక యువకుణ్ణి చూపించి, ఇతను మునుగుతాడని నేను ముందే అనుకున్నానన్నాడు ఒక బంధువు. కారణం? అతను బ్యాంకు పెట్టబోతున్నాడు. ఆ సంఘంలో చేర్చుకునే ముందు చిన్ననాటి నుంచీ నడవడి ఎలాంటిదో వాకబు చేస్తారు. ఆ వాకబులో నెగ్గినవాడి దగ్గర చుట్టుపక్కల అందరూ ధైర్యంగా డబ్బు దాచుకుంటారు. అతని భక్తి ఎంతో మనకు తెలియదు; ఆ మునక మాత్రం పూచీకత్తుగా పనికొచ్చింది.

ఇక మన దేశం మీద వేబర్ తీర్పు కఠినమైనది. కులవ్యవస్థ నుంచి ఆధునిక పెట్టుబడి తనంతట తాను పుట్టదన్నాడు. ఆయన ఈ మాట రాస్తున్న రోజుల్లోనే బంగాళాఖాతం అవతల, దిగువ బర్మాలో, తమిళదేశపు నాట్టుకోట్టై చెట్టియార్లు వరి సాగుకు అప్పులిస్తున్నారు. 1869లో సూయజ్ కాలువ తెరిచాక బర్మా బియ్యానికి ఐరోపా దగ్గరైంది. ఐరావతి డెల్టాలో అడవి నరికి మడి కట్టే రైతు ముఖం బ్రిటిష్ బ్యాంకులు చూడలేదు, చెట్టియార్లు చూశారు. వాళ్ళ సంఘం తొమ్మిది గుళ్ళ చుట్టూ అల్లుకున్నది. పెళ్ళి సంబంధాలు కుదరాలన్నా ఆ గుడి సభ్యత్వమే లెక్క. ఏజెంటు మూడేళ్ళ గడువుకు బర్మా వెళ్ళేవాడు, భార్యాబిడ్డలు చెట్టినాడులో ఉండేవాళ్ళు. రంగూన్ మొగల్ వీధి గుడిలో కూర్చుని వడ్డీ రేట్లు తేల్చుకునేవాళ్ళు. షావుకారు సొమ్ముతో ఉడాయించిన ఏజెంటు కోర్టుకు భయపడినా పడకపోయినా, తన ఇంటి పిల్లను ఎవరు చేసుకుంటారన్న బెంగ అతన్ని వదలదు. వేబర్‌కు అడ్డుగోడగా కనిపించిన కులమే ఇక్కడ బ్యాంకు నడిపింది.

ఇక్కడితో ఆపితే కులాన్ని పొగిడినట్టవుతుంది. ఆ గుడి లోపల చెల్లిన పరువు గడప దాటి చెల్లలేదు. బర్మా రైతు దగ్గరికొచ్చేసరికి చెట్టియారుకు భూమి తాకట్టే కావలసొచ్చింది. మాంద్యంలో ధాన్యం ధర పడిపోయింది, బాకీలు నిలిచిపోయాయి. దిగువ బర్మా ప్రధాన వరి జిల్లాల్లో 1930లో ఆరు శాతంగా ఉన్న వాళ్ళ భూమి 1938 నాటికి 25 శాతానికి చేరింది. వడ్డీ కోసం వచ్చినవాళ్ళు అయిష్టంగానే భూస్వాములయ్యారు, పరాయివాళ్ళుగా ద్వేషానికీ గురయ్యారు.

అదే రంగూన్ రేవులో మనవాళ్ళూ ఉన్నారు. కోరంగి రేవు పేరు మీద బర్మావాళ్ళు కోరంగీలని పిలిచిన తెలుగు కూలీలు. వాళ్ళనూ ఎరిగినవాళ్ళే ఓడెక్కించారు. మేస్త్రీ ప్రయాణానికి అడ్వాన్సు ఇచ్చి, రేవులో పని చూపించి, కూలి డబ్బులోంచి తన బాకీ పట్టుకునేవాడు. చెట్టియారుకు తనవాళ్ళ ఎరుక మూలధనమైంది. కూలీకి అదే ఎరుక మెడకు చుట్టుకుంది. 1930 మేలో ఆ కూలీలు సమ్మె చేస్తే వాళ్ళ స్థానంలో బర్మా కూలీలను పెట్టారు. సమ్మె ముగిసి తెలుగువాళ్ళను తిరిగి తీసుకోగానే నెత్తురు పారింది. సంస్కృతి పేరెత్తి పెట్టుబడిని మెచ్చుకునేవాళ్ళు ఈ రేవు వైపు చూడరు.

ఇక మన కాలం సంగతి. పుట్టుకతో రాని పూచీని పనిగట్టుకుని తయారుచేయవచ్చని బంగ్లాదేశ్‌లో మహమ్మద్ యూనుస్ చూపించాడు. 1983లో గ్రామీణ బ్యాంకు ఏర్పడింది. తాకట్టుకు ఏమీ లేని ఆడవాళ్ళు ఐదుగురు జట్టుకడితే, ఆ జట్టే ఒకరి బాకీ మీద ఇంకొకరిని కాపలా పెడుతుంది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో మైక్రోఫైనాన్స్ కంపెనీలు ఆ పద్ధతిని లాభసాటి వ్యాపారం చేశాయి. అప్పు పుట్టడం మేలే. అప్పటిదాకా ఆ ఇళ్ళలో చాలావాటికి దిక్కు రోజువడ్డీ వ్యాపారే. చిక్కు వసూలు దగ్గర వచ్చింది. పొలం తాకట్టయితే వేలం వేయొచ్చు. పరువు తాకట్టయితే దాన్ని వేలం వేసే దారి ఒకటే, నలుగురిలో నిలబెట్టడం. వారం వాయిదా కట్టలేని మనిషి గుమ్మం ముందు ఏజెంటూ, జట్టులోని ఇరుగుపొరుగూ వచ్చి కూర్చున్నారు.

2006లో కృష్ణా జిల్లా అధికారులు ఈ కంపెనీల శాఖలు సుమారు యాభై మూయించారు. 2010 అక్టోబరులో రాష్ట్ర ప్రభుత్వం వాటి మీద ఆర్డినెన్సు తెచ్చింది. అందులో నాకు ముఖ్యంగా తోచిన నియమం వడ్డీ గురించినది కాదు, చోటు గురించినది. వసూలు ఇంటి దగ్గర జరగకూడదు, పంచాయతీ కార్యాలయం లాంటి బహిరంగ స్థలంలోనే జరగాలి. వారం వాయిదాలు నెలకు మారాలి. గుమ్మం ముందు కూర్చునే హక్కు పోగానే వసూళ్ళు కుప్పకూలాయి. ఆ అప్పులను అంతదాకా నిలబెట్టింది ఏమిటో అప్పుడు తేలింది.

ఆ తర్వాత వచ్చిన ఫోన్ అప్పుల యాప్‌లకు జట్టు కట్టే ఓపిక కూడా లేదు. ఫోన్‌లోని పేర్లన్నీ లాక్కుని, వాయిదా తప్పితే మేనమామకూ ఆఫీసు మేనేజరుకూ సందేశాలు పంపాయి. 2020 డిసెంబరులో హైదరాబాద్ ప్రాంత పోలీసులు ఈ కేసుల్లో అరెస్టులు చేశారు. 2022 సెప్టెంబరులో రిజర్వు బ్యాంకు అప్పు యాప్‌లు ఫోన్‌లోని పేర్ల జాబితాను ముట్టుకోకూడదని ఆదేశించింది. బ్యాంకుల మూలధనం ఎంతుందో చూసే సంస్థకు మన మేనమామ ఫోన్ నంబరును కూడా కాపాడవలసిన పని పడింది.