ఒకే పంక్తికి ఆపిల్ జెల్లీ

కోనసీమ వంటయింటికి ఆపిల్ పండు పొరుగూరి చుట్టము కాదు, దూరదేశపు అతిథి. మంచు కురియు కాశ్మీరము, హిమాచలప్రదేశములు ఎక్కడ? గౌతమీ వసిష్ఠల నడుమ కొబ్బరినీడలో నున్న మన అమలాపురము, రాజోలు, కొత్తపేటలు ఎక్కడ? ఒకప్పుడు మన యిండ్లలో ఈ పండు జ్వరపడి లేచినవారి మంచము ప్రక్కనే కనబడెడిది. రోగిని చూడబోవువారు నాలుగు పండ్లు సంచిలో వేసికొని పోవుట మర్యాదగా నుండెడిది. నేడు అది సంతలోను, వీధిబండి మీదను దొరకుచున్నది. అయినను కోసి తినుట తప్ప దానితో వేరొకటి చేయు అలవాటు మనకు తక్కువ. అరటికి, పనసకు, మామిడికి ఉన్నన్ని వంటకములు ఆపిల్‌కు మన పాకశాస్త్రములో లేవు.

పాశ్చాత్యులు ఈ పండును పారదర్శకమైన జెల్లీలో కూర్చి, అచ్చులో పోసి, గట్టిపడిన తరువాత పళ్లెములో బోర్లించి వడ్డింతురు. అచ్చు తీసినంతనే వణకుచు నిలుచు ఆ వంటకమును చూచి పిల్లలు చప్పట్లు కొట్టకుండ నుండలేరు. దానిని మన యింట, మన సామగ్రితో, మన ఎండలో చేయుట ఎట్లో నేడు ముచ్చటించుకొందము.

చేయు పని కష్టమైనది కాదు. కాని దీనిలో ఒక చిక్కున్నది. అది రుచికి సంబంధించినది కాదు, పంక్తికి సంబంధించినది.

ఈ వంటకమును గట్టిపరచు పదార్థము పేరు జెలటిన్. అది పశువుల ఎముకలనుండియు, చర్మములనుండియు, కొన్నిచోట్ల చేపల చర్మమునుండియు తీయబడును. 1681లో డెనిస్ పాపిన్ అను ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు ఆవిరి బయటికి పోకుండ మూత బిగించిన పాత్రలో ఎముకలను ఉడికించి మెత్తపరచు విధమును గూర్చి ఒక గ్రంథము ప్రకటించెను. మన ప్రెషర్ కుక్కరుకు మూలపురుషుడు ఆ పాత్రయే. ఎముకలను గంటలకొలది ఉడికించి తీసిన ఆ జిగురు తరువాతి కాలమున పొడిగా మారి అంగడికి వచ్చినది. 1845లో అమెరికాలో పీటర్ కూపర్ అట్టి పొడికి పేటెంటు పొందెను. 1897లో న్యూయార్కు రాష్ట్రములోని లెరాయ్ అను ఊరిలో పెర్ల్ వెయిట్ అను నతడు దానికి పండ్ల రుచియు, చక్కెరయు చేర్చగా దానికి ‘జెల్లో’ అను పేరు వచ్చెను. అప్పటినుండి అచ్చు జెల్లీ అమెరికా గృహిణుల విందుబల్లకు అలంకారమైనది.

మన యిండ్లలో నలుగురి ఆహారనియమములు నాలుగు రీతులుగా నుండును. మనుమడు పట్టణములో అన్నియు తినవచ్చును. కోడలు గ్రుడ్డు మాత్రము తినవచ్చును. మామ్మగారు నీరుల్లి కూడ ముట్టకపోవచ్చును. ఎవరి నియమము వారిది. కాని వారందరును కూర్చుండు పంక్తి ఒక్కటియే. ఒకరికి ఒకటి, వేరొకరికి వేరొకటి వడ్డించుట పంక్తిభేదమని మన పెద్దలు నిషేధించిరి. జెలటిన్ తో చేసిన జెల్లీని తెచ్చి మామ్మగారి విస్తరిని దాటి పోయినచో ఆమె నొచ్చుకొనును. దాటకుండ, చెప్పకుండ వడ్డించినచో అది అంతకంటె పెద్ద తప్పు. వంట చేసినవారి చేతిని నమ్మి మనము అన్నము తినుచున్నాము. ఆ నమ్మకము చక్కెర కంటెను, ఆపిల్ కంటెను విలువైనది. చూచుటకు అద్దమువలె నిర్మలముగా నున్నది కదా యని జెల్లీని శాకాహారమని తలచువారు ఎందరో కలరు. కావున వండువారు మొదట తెలిసికొనవలసినది కొలతలు కాదు, పొట్లములో నున్న దేమి యన్నది.

మన దేశములో ఆహారపు పొట్లముల మీద గుర్తు లుండును. ఆకుపచ్చ చతురస్రములో ఆకుపచ్చ చుక్క యున్నచో శాకాహారము. గోధుమరంగు చతురస్రములో గోధుమరంగు త్రిభుజమున్నచో మాంసాహారము. అంగడిలో దొరకు జెల్లీపొడులలో కొన్ని జెలటిన్ తోను, కొన్ని సముద్రపు మొక్కల జిగురుతోను చేయబడుచున్నవి. రెంటి డబ్బాల మీదను ఒకే తీరు పండ్ల బొమ్మ యుండవచ్చును. బొమ్మను గాక గుర్తును చూడవలెను.

జెలటిన్ తో రెండవ చిక్కు మన ఎండ. అది సుమారు 30, 35 డిగ్రీల వేడికే కరగిపోవును. నోటిలో వేసికొన్నంతనే వెన్నవలె కరగుట చలిదేశములవారికి దాని గొప్ప. వేసవిలో మన ప్రాంతపు పగటివేడి 40 డిగ్రీల దరిదాపులకు పోవును. రిఫ్రిజిరేటరు నుండి తీసి పంక్తికి తెచ్చులోపల గోపురమువంటి జెల్లీ పానకమై పళ్లెములో నిలుచును.

ఈ చిక్కు వంటయింటికే కాక వైద్యశాస్త్రమునకు కూడ ఒకప్పుడు వచ్చినది. 1881లో జర్మనీలో రాబర్ట్ కోక్ అను మహాశాస్త్రజ్ఞుని ప్రయోగశాలలో సూక్ష్మజీవులను జెలటిన్ మీద పెంచుచుండిరి. మానవదేహపు వేడియైన 37 డిగ్రీల యొద్ద ఉంచినచో జెలటిన్ కరగిపోవుచుండెను. కొన్ని సూక్ష్మజీవులు దానినే తిని నీరు చేయుచుండెను. అక్కడ పనిచేయుచున్న వాల్టర్ హెస్సె అను వైద్యుడు విసిగి, నీవు చేయు జెల్లీలు వేసవిలో సహితము కరగవేమని తన భార్యయైన ఫానీ హెస్సెను అడిగెను. జావాద్వీపములో నివసించి వచ్చిన పొరుగువారివలన నేర్చుకొని తాను అగర్ వాడుచున్నానని ఆమె చెప్పినది. ఆ మాటతో అగర్ ప్రయోగశాలకు వచ్చినది. 1882లో కోక్ క్షయరోగ క్రిమిని గూర్చి ప్రకటించిన వ్యాసములో అగర్ ప్రస్తావన యున్నది, ఆ యిల్లాలి పేరు మాత్రము లేదు. నేటికిని ఆసుపత్రులలో క్రిములను పెంచి పరీక్షించునది అగర్ మీదనే. ఒక గృహిణి వంటయింటి జ్ఞానము లోకమున కెంత మేలు చేసినదో దీనివలన తెలియుచున్నది.

ఆ అగరే మన అంగళ్లలో ‘చైనా గ్రాసు’ అను పేర తెల్లని ఎండుగడ్డి పోచలవలెను, పొడిగాను దొరకునది. అది గడ్డి కాదు, సముద్రపు పాచినుండి తీసిన జిగురు. తమిళనాడులో రామనాథపురము జిల్లా తీరమున మత్స్యకార స్త్రీలు నీటిలో మునిగి చేతులతో ఏరి తెచ్చు పాచి అగర్ తయారీకి పోవుచున్నది. అగర్ ద్రావణము 32 నుండి 40 డిగ్రీలకు చల్లారినంతనే గట్టిపడును. గట్టిపడిన పిమ్మట మరల కరగవలెనన్న సుమారు 85 డిగ్రీల వేడి కావలెను. అనగా రిఫ్రిజిరేటరు లేని యింట సహితము ఇది పేరుకొనును, వైశాఖమాసపు మధ్యాహ్నము కూడ పళ్లెములో నిలుచును. జెలటిన్ వలె నోటిలో కరగదు, పంటికి తగిలి పుటుక్కున విరుగును. లేత తాటిముంజ తిని పెరిగిన మనకు ఆ తీరు క్రొత్త కాదు. పేరుకొన్న తీపియు మనకు క్రొత్త కాదు. జున్ను మన యిండ్లలో గిన్నెలో పేరుకొని, ముక్కలుగా కోయబడునదే కదా!

ఇక తయారుచేయు విధానము. కొలత గ్లాసు 200 మిల్లీలీటర్లది. కావలసిన వస్తువులు: గట్టి ఆపిల్ పండ్లు రెండు, చైనా గ్రాసు 10 గ్రాములు, చక్కెర 100 గ్రాములు, కొబ్బరికాయ ఒకటి, నిమ్మచెక్క ఒకటి, ఏలకులు రెండు. అంబాజీపేట కొబ్బరికి పేరుపడిన సీమలో ఉండి ఆపిల్ జెల్లీని కొబ్బరిపాలు లేకుండ చేయుట న్యాయము కాదు. కావున దీనిని రెండు పొరలుగా చేయుదము. పైపొర ఆపిల్, క్రిందిపొర కొబ్బరిపాలు.

చైనా గ్రాసును కత్తెరతో తుంచి రెండు గ్లాసుల నీటిలో అరగంట నాననిండు. అంతలో ఆపిల్ పండ్లను గోరువెచ్చని నీటితో బాగుగా కడిగి, చెక్కు తీసి, గింజలు తొలగించి, బఠాణీగింజ కంటె కొంచెము పెద్ద ముక్కలుగా కోయవలెను. కోసిన ముక్కలు గాలి తగిలి నల్లబడును. కొన్ని చుక్కలు నిమ్మరసము చల్లినచో రంగు నిలుచును. తీసిన చెక్కును పారవేయరాదు. ఒకటిన్నర గ్లాసుల నీటిలో దానిని పది నిమిషములు మరిగించి వడకట్టినచో పండు పరిమళము, లేతగులాబి వన్నెయు గల నీరు ఒక గ్లాసెడు వచ్చును. అందులో 60 గ్రాముల చక్కెర కరగించి, ముక్కలు వేసి, మెత్తబడువరకు మూడు నాలుగు నిమిషములు ఉడికించి దింపవలెను. పచ్చి ఆపిల్ లో సుమారు నాలుగవవంతు గాలి యుండును. అందువలన పచ్చిముక్కలు పైకి తేలి ఒకచోట చేరును. ఉడికినచో ఆ గాలి పోయి ముక్కలు అంతటను సర్దుకొనును.

కొబ్బరిని కోరి, కొంచెము వేడినీరు చేర్చి రుబ్బి, పలుచని బట్టలో పిండి ఒక గ్లాసు చిక్కని పాలు తీయవలెను. మిగిలిన 40 గ్రాముల చక్కెరయు, ఏలకులపొడియు అందులో కలిపి గోరువెచ్చగా ఉంచవలెను. మరగనిచ్చినచో విరుగును.

ఇప్పుడు నానిన చైనా గ్రాసును ఆ నీటితోనే సన్నని సెగమీద పెట్టి కలుపుచు, ఒక్క పోచయు కనబడనంతవరకు మరిగించి వడకట్టవలెను. పోచలు పూర్తిగా కరగకున్నచో జెల్లీ నిలువదు. ఈ ద్రావణమును రెండు సమభాగములు చేసి, ఒక భాగమును వేడినీటి గిన్నెలో నిలిపి యుంచుడు. లేనిచో మీరు చూచుచుండగనే పేరుకొనును. పేరుకొన్నను నష్టము లేదు, మరల వేడిచేసిన కరగును. రెండవ భాగమును వేడిగా నున్న ఆపిల్ పాకములో కలిపి, పొయ్యి దింపిన తరువాత మాత్రమే ఒక చెంచా నిమ్మరసము చేర్చవలెను. పులుపుతో కలిపి మరిగించినచో అగర్ పట్టు సడలును. నిమ్మరసము తగిలినప్పుడు గులాబివన్నె కాంతివంతమగుట కూడ గమనింపవచ్చును.

అచ్చుగా అడుగు గుండ్రని స్టీలు గిన్నె చాలును. లోపల నున్నగా గీకిన కొబ్బరిచిప్పలలో పోసినచో ఒక్కొక్కరికి ఒక్కొక్కటి వచ్చును. అచ్చును చన్నీటితో తడిపి, ఆపిల్ మిశ్రమమును పోసి, కదల్పక పది పదునైదు నిమిషములు ఉంచవలెను. వ్రేలితో తాకిన పేరుకొని, ఇంకను కొంచెము అంటుకొనుచున్నప్పుడు రెండవ పొరకు సమయము. ఆగిన అగర్ ను కొబ్బరిపాలలో కలిపి వెచ్చగా నుండగనే గరిటెతో మెల్లగా పోయవలెను. మొదటి పొర పూర్తిగా చల్లారిన తరువాత పోసినచో రెండును అతుకుకొనవు, బోర్లించినప్పుడు ఒకదానిపైనుండి ఒకటి జారిపోవును. గంట తరువాత తడిచాకును అంచు చుట్టును త్రిప్పి, పళ్లెము మూతగా పెట్టి, ఒక్కసారిగా బోర్లింపుడు. తెల్లని పీఠముమీద గులాబివన్నె గోపురమువలె నిలుచును.

కొబ్బరిపాలు చేరినది గావున ఆనాడే వడ్డించుట మేలు. పసిపిల్లలకు జారి గొంతులో అడ్డుపడకుండ మెదిపి పెట్టవలెను. చక్కెర తినరాని వారికి చక్కెర లేకుండ వేరొక చిప్పలో పోయవచ్చును. అగర్ పేరుకొనుటకు చక్కెరతో పని లేదు.

జెలటిన్ తో చేసికొన దలచినవారికి రెండు మాటలు. దానిని చన్నీటిలో నానబెట్టి వేడినీటిలో కరగింపవలెను గాని మరిగింపరాదు. పచ్చి బొప్పాయి గాని, పచ్చి అనాసముక్కలు గాని అందులో వేసినచో ఎంతసేపున్నను గట్టిపడదు. ఆ పండ్లలో మాంసకృత్తులను విరుచు గుణము గల పదార్థము లున్నవి, జెలటిన్ మాంసకృత్తియే. అనాసను ఉడికించి వేసిన బాధ లేదు. వడ్డించునప్పుడు మాత్రము అది జెలటిన్ అని అందరికిని చెప్పవలెను.

ఆపిల్ దొరకని నాడు జామపండుతోను, రావులపాలెము అరటిపండుతోను ఇదే విధానమున చేయవచ్చును. పండు ఏదైనను, ఇందులో ఏమి యున్నదని పంక్తిలో ఎవరు అడిగినను దాచక చెప్పగలిగిన వంటకమై యుండవలెను. అప్పుడు ఏ విస్తరిని దాటవలసిన పని యుండదు. పండు కాశ్మీరపుదైనను, పాచి రామనాథపురము కడలిదైనను, కొబ్బరి మన పెరటిది. మూడును ఒక అచ్చులో కుదిరినట్లే, మామ్మగారును మనుమడును ఒకే పంక్తిలో కూర్చుండి ఈ తీపిని ఆరగింతురు గాక.