సీసము లేని సీసపు పెన్సిలు

 

ఈ రజతోత్సవ సభలో మహాకావ్యములను గూర్చి ప్రసంగింపదగిన పండితులు పెక్కురు కలరు. ఊరి లెక్కలు వ్రాయుచు తల నెరసిన నేను పెన్సిలును గూర్చి నాలుగు మాటలు విన్నవింతును. బడిచదువు చాలని నేను ఈ గ్రంథాలయములోనే పద్యములు ఎత్తి వ్రాసికొని నేర్చితిని. సిరా ఒలికిన పుస్తకములు చెడునని సిరాబుడ్డిని లోనికి రానిచ్చెడివారు కారు. కావున పెన్సిలే నాకు తోడు.

బలపము వలెనే పెన్సిలు పుల్లయు మొదట రాయియే. ఇంగ్లండునకు ఉత్తరమున, కంబర్లాండు సీమలో బారోడేల్ అను కొండలోయ కలదు. 16వ శతాబ్దమున అచ్చట మిక్కిలి స్వచ్ఛమైన నల్లరాయి బయల్పడెను. కాపరులు దానితో గొఱ్ఱెలకు గుర్తులు పెట్టుకొనిరని చెప్పుదురు. చేతికి నలుపంటకుండుటకై ఆ రాతిపుల్లలకు దారము చుట్టిరి, కొయ్యలోను ఇమిడ్చిరి. 1565లో జూరిచ్ పండితుడు కాన్రాడ్ గెస్నర్ తన గ్రంథమున అట్టి సాధనము బొమ్మ వేయించెను.

చూపునకు సీసమువలె నుండుటచే జనులు దానిని నల్లసీసమనిరి. అందు సీసము ఇసుమంతయు లేదు. అది బొగ్గు జాతి పదార్థమని 1779లో స్వీడను రసాయనవేత్త షీలే తేల్చెను. 1789లో జర్మను ఖనిజవేత్త వెర్నర్, ‘వ్రాయుట’ అను అర్థముగల గ్రీకు మాటనుండి గ్రాఫైటు అని పేరు పెట్టెను. అయినను లోకము పాతపేరు విడువలేదు. అడంగలులో తప్పుపేరు పడినచో దిద్దించుటకు ఎన్ని అర్జీలు కావలెనో మీరెఱుగుదురు గదా!

ఫిరంగిగుండ్లు పోతపోయు అచ్చులకును ఆ రాయి పనికివచ్చెను. విలువతోపాటు దొంగలును పెరిగిరి. 1752లో బ్రిటిషు పార్లమెంటు ఆ రాయి దొంగిలించినవారికి కఠినశ్రమగాని ద్వీపాంతరవాసముగాని విధించుచు శాసనము చేసెను. వ్రాతపుల్లకు ద్వీపాంతరవాసము!

1793లో ఫ్రాన్సునకు బ్రిటనుతో యుద్ధము రాగా మేలిరాయి రాక నిలిచెను. నాకు మిక్కిలి ప్రియమైన ఘట్టమిదియే. నికొలా జాక్ కాంటే అను చిత్రకారుడు గ్రాఫైటును పొడిచేసి, బంకమట్టితో కలిపి, పుల్లలుగా తీర్చి, కుమ్మరి కుండను కాల్చినట్లు కాల్చెను. 1795లో ఆ పద్ధతికి హక్కుపత్రము పొందెను. మట్టి హెచ్చినచో పుల్ల గట్టిపడి గీత పలుచనగును. తగ్గినచో మెత్తబడి గీత నల్లబడును. ఇక ముద్దరాయితో పనిలేదు, పొడియే చాలును. కరవు లేకున్నచో ఈ ఉపాయమెవరికి తోచెడిది?

కొయ్య సంగతి క్లుప్తముగా చెప్పెదను. కత్తికి మెత్తగా లొంగు కలప కావలెను. అమెరికా తూర్పు ప్రాంతపు ఎఱ్ఱ సెడారు చాలకాలము వాడిరి. అది తఱిగిపోగా కాలిఫోర్నియా సెడారునకు మరలిరి. మన దేశమున కాశ్మీరపు పాప్లరు కలపయు వాడుదురు.

మన గ్రంథాలయపు రిజిస్టరునకు దారముతో కట్టిన పెన్సిలుపై ‘హెచ్.బి.’ అను అక్షరములు కలవు. గట్టిదనమును నలుపును నడిమి పాటిగా నున్నవని వాని భావము. అది కాంటే కలిపిన మట్టి పాళ్ళ లెక్కయే.